కరణం వ్రాయని కథ

కడప, కర్నూలు సీమల పల్లెల చరిత్రకు ముఖ్యమైన ఆధారాలు కైఫీయతులు. దత్తమండలాలు 1800లో ఈస్టిండియా కంపెనీ వశమైన పిమ్మట కాలిన్ మెకంజీ, కావలి సోదరుల తోడ్పాటుతో, కరణాల కవిలెల నుండి, ఊరి పెద్దల జ్ఞాపకాల నుండి వీటిని సేకరింపజేశాడు. ఊరు ఎవరు కట్టించారు, చెరువు ఎవరు త్రవ్వించారు, గుడికి మాన్యం ఎవరిచ్చారు అనే విషయాలు వాటిలో విరివిగా ఉన్నాయి. ఆ చెరువుకట్టకు మట్టి మోసిన స్త్రీ పేరు దొరకడం మాత్రం అరుదు. ఆమె పేర భూమి లేదు, శిస్తు లేదు. కరణానికి ఆమెతో పని లేదు.

అట్లు వ్రాతకెక్కని బ్రతుకులను చలనచిత్రంలో నిలుపబూనిన తెలుగువారిలో బి. నర్సింగరావు ప్రముఖులు. ఆయన 1946లో నాటి మెదక్ జిల్లాలోని ప్రజ్ఞాపూర్‌లో జన్మించారు. కవి, చిత్రకారుడు కూడా. గౌతమ్ ఘోష్ దర్శకత్వం వహించిన ‘మా భూమి’కి నిర్మాతగా వ్యవహరించి, ఆ తరువాత స్వయంగా దర్శకత్వం చేపట్టారు.

ఆయన చిత్రాలలో ‘దాసి’ (1988) విశేషంగా చెప్పదగినది. కథాకాలం 1920 ప్రాంతం. కథాస్థలం తెలంగాణలోని ఒక గడీ, అనగా దొర నివసించే కోటవంటి భవనం. ఆనాడు దొరల ఇండ్లలో పెండ్లికూతురి వెంట అరణంగా దాసీలను పంపే ఆచారం ఉండేది. నగలు, పశువులు ఎట్లో మనుషులూ అట్లే! ఈ చిత్రంలోని కమలాక్షి అటువంటి గడీలోని దాసి. ఇంటి చాకిరి ఆమెదే. దొర కోరికకు, అతిథుల కోరికకు లోబడవలసినదీ ఆమెయే. చివరకు కడుపులోని బిడ్డపై కూడా ఆమెకు హక్కు లేకపోయింది.

ఇంతటి దుఃఖాన్ని చిత్రించేటప్పుడు దీర్ఘ సంభాషణలు, పాటలు చేర్చడం మన చిత్రాలకు అలవాటు. నర్సింగరావు ఆ మార్గం త్రొక్కలేదు. ఇందు మాటలు బహుస్వల్పం. చెప్పిన దానికంటె చెప్పక స్ఫురింపజేసిన అర్థమే కావ్యానికి ప్రాణమని ఆనందవర్ధనుడు ధ్వని సిద్ధాంతంలో ప్రతిపాదించాడు గదా! ‘దాసి’కి అంతకంటె తగిన లక్షణం నాకు తోచదు. పైగా ఈ మౌనం కేవలం శిల్పం కాదు. గడీలో దాసికి మాట్లాడే అధికారమే లేదు. ఆమె నోట పెద్ద పెద్ద మాటలు పలికిస్తే అది అసత్యమయ్యేది.

ఈ చిత్రం ఐదు జాతీయ పురస్కారాలు పొందింది. కమలాక్షి పాత్రధారిణి అర్చన ఉత్తమ నటిగా, ఎ.కె. బీర్ ఉత్తమ ఛాయాగ్రాహకుడుగా ఎన్నికయ్యారు.

నర్సింగరావు ‘మట్టిమనుషులు’ (1990) చిత్రంలో పల్లె విడిచి నగరం చేరి, పరుల ఇండ్లు కట్టే కూలీల కథ చెప్పారు. ఆదోని, కోసిగి ప్రాంతాల నుండి మిరప కోతలకు ‘సుగ్గి’కి పోయే కుటుంబాల విద్యార్థులకు ఆ కథను ప్రత్యేకంగా వివరింపనక్కర లేదు.