గురువుల ఋణము

సభలో కరతాళధ్వనులు గాయకునకు దక్కును. ఆ గాయకుని తీర్చిదిద్దిన గురువునకు దక్కునది తఱచుగా విస్మృతియే. పారుపల్లి రామకృష్ణయ్య పంతులుగారి విషయమున ఆంధ్రులట్టి కృతఘ్నత చూపరాదని మేము తలంచుచున్నాము.

పంతులుగారు 1883లో, కృష్ణా తీరమున ఆంధ్ర మహావిష్ణువు ఆలయముగల శ్రీకాకుళ గ్రామమున జన్మించిరి. దివిసీమకు చెందిన పెదకళ్ళేపల్లి వాస్తవ్యులగు సుసర్ల దక్షిణామూర్తి శాస్త్రిగారు వారి గురువులు. శాస్త్రిగారు మానాంబుచావడి వేంకటసుబ్బయ్యగారి శిష్యులు. వేంకటసుబ్బయ్యగారు సాక్షాత్తు త్యాగరాజస్వామి శిష్యులు. కావేరీతీరపు గానము కృష్ణాతీరమునకు గ్రంథముల వలనగాక యిట్టి కంఠముల వలన వచ్చినది.

పంతులుగారు ఆ విద్యను విజయవాడలో శిష్యులకు ధారవోసిరి. 1930లో జన్మించిన మంగళంపల్లి బాలమురళీకృష్ణగారు బాల్యముననే వారి నాశ్రయించి, పిదప 72 మేళకర్తలయందును కృతులు రచించిన వాగ్గేయకారులైరి. వాయులీన విద్వాంసులు అన్నవరపు రామస్వామిగారును వారి శిష్యులే. 1951లో పంతులుగారు దివంగతులైరి. 2016లో బాలమురళీకృష్ణగారును గతించిరి.

స్వరసహితములగు కృతుల పుస్తకములు నేడు సులభముగా దొరకుచున్నవి. కాని గమకమును పుస్తకము నేర్పజాలదు. గురువు పాడగా శిష్యుడు విని, తప్పి, దిద్దుకొని నేర్వవలెను. ఒక తరమున బోధించువాడు లేకున్న, మఱుసటి తరమునకు విద్యయే లేదు.

బందరు, గుడివాడ పురప్రముఖులును, దివిసీమ భూస్వాములును పెండ్లిపందిళ్ళకు వెచ్చించు ధనములో స్వల్పభాగమును ఒక్కొక్క సంగీతోపాధ్యాయుని పోషణకు కేటాయింతురుగాక. విగ్రహము నిలుపుటకంటె విద్యను నిలుపుటయే గురువుల ఋణము దీర్చుట.