హంద్రీ ఒడ్డుకు చేరిన ఐరావతి పొగ

1824 బర్మా యుద్ధంలో ‘డయానా’ అనే ఆవిరి పడవ ఫిరంగులెత్తుకుని ఐరావతి నదికి ఎదురీదింది. ఆ యుద్ధం కథ పత్తికొండలో ఒక మరణం దాకా సాగింది.

ఎండాకాలంలో కోడుమూరు దగ్గర హంద్రీ అంటే ఇసుక, కంపచెట్లు, అక్కడక్కడా చెలమలు. పడవ మాట ఈ ఏటికి ఎరికలేదు. అయినా యుద్ధానికి వెళ్ళిన తొలి ఆవిరి పడవల్లో ఒకదాని కథకూ, ఈ ఏరు పుట్టిన పత్తికొండ సీమకూ ముడి ఉంది.

డయానాను 1823లో కలకత్తా కిద్దర్‌పూర్ రేవులో కట్టారు. రెండు పక్కలా నీటిని తోసే చక్రాలు. వాటిని తిప్పేందుకు ఒక్కోటి 16 గుర్రాల బలం ఉన్న రెండు యంత్రాలు. 1824 మార్చిలో బర్మాపై యుద్ధం ప్రకటించాక ఈస్టిండియా కంపెనీ సర్కారు దాన్ని కొనేసింది. తర్వాత నవలలు రాసి పేరు తెచ్చుకున్న నౌకాదళ కెప్టెన్ ఫ్రెడరిక్ మార్యాట్ దాని కోసం గట్టిగా పట్టుబట్టాడు. పడవ మీద చిన్న ఫిరంగులు, కాంగ్రీవ్ రాకెట్లు అమర్చారు. హైదర్, టిప్పుల సేనలు విసిరిన రాకెట్లను చూసి ఇంగ్లండులో చేసుకున్నవే ఆ రాకెట్లు.

ఏటికి ఎదురుగా

మే నెలలో రంగూన్ చేజిక్కింది. వెంటనే వానలు ముంచెత్తాయి. వరద పోటుకు తెరచాప ఓడలు ముందుకు కదల్లేవు. బర్మా యుద్ధపు పడవలు పొడవైనవి, తెడ్లు వేసేవాళ్ళు ఎందరో ఉండేవాళ్ళు, వేగంలో వాటికి సాటి లేదు. కానీ మనిషి చేతులు అలిసిపోతాయి, బాయిలరు అలిసిపోదు. తెడ్లు వేసేవాళ్ళు డస్సిపోయేదాకా తరిమి తరిమి డయానా మీదపడేది. పెద్ద ఓడలను తాళ్ళతో లాగింది. సైనికులను మోసింది. చివరకు 1826 ఫిబ్రవరి 24న యాండబో సంధి కుదిరింది.

ఓడలెక్కిన సిపాయిలు

1824 నవంబరులో బారక్‌పూర్‌లో బెంగాల్ సిపాయిలు బర్మాకు పోయే ముందు తిరగబడ్డారు. మద్రాసు సైన్యం మాత్రం సముద్రం దాటింది. అందులో తెలుగువాళ్ళు చాలామంది. కంపెనీ పంపిన సుమారు 40,000 మందిలో 15,000 మంది దాకా తిరిగిరాలేదు. తూటాల కన్నా జ్వరాలూ, రక్త విరేచనాలే ఎక్కువమందిని తీసుకుపోయాయి.

ఆ మద్రాసు సైన్యాన్నీ సరుకులనూ సమకూర్చిన మద్రాసు గవర్నరు థామస్ మన్రో. 1800 నుంచి 1807 దాకా దత్తమండలాలను ఏలిన కలెక్టరు ఆయనే. ఆయన మీది అభిమానంతో పిల్లలకు మన్రోలప్ప అని పేరు పెట్టుకున్న సీమ మనది. ఇంటికి వెళ్ళిపోతానని ఆయన అప్పటికే కోరుకున్నాడు, యుద్ధం వచ్చి ఆపింది. అది ముగిశాక, పాత మనుషులను చివరిసారి చూసి పోదామని ఇటు వచ్చాడు. 1827 జులై 6న పత్తికొండలో కలరాతో కన్నుమూశాడు.

డయానా పేరు చరిత్రకెక్కింది. మన్రో పేరు మన పిల్లల పేర్లలో కలిసింది. ఆ పడవ వెనకే నడిచి బర్మా బురదలో ఒరిగిపోయిన మద్రాసు సిపాయి పేరు ఏ బండ మీదా చెక్కలేదు. అతని తోడు లేకుండా ఆ యంత్రం ఒక్కటే యుద్ధం గెలిచేది కాదు. మీ ఇంట్లో పెద్దవాళ్ళు ఎవరైనా రంగూన్ మాట ఎత్తితే పక్కన కూర్చుని వినండి. విన్నది రాసిపెట్టండి.