మహానౌకలు – అడుగు తరగతి ప్రయాణికులు

పడవరేవు పాట జరుగు ఏటి ఒడ్డు గ్రామములలో పెద్దలకు ఎదురగు ప్రశ్న యొకటి కలదు. పాటదారు ఎంత సొమ్ము చెల్లించుననునది కాదు. పడవలో ఎందరిని ఎక్కించవచ్చును, ఆ లెక్కను ఎవరు చూడవలెను అనునది. 2019 సెప్టెంబరు 15వ తేదీన గోదావరిలో కచ్చులూరు వద్ద విహారపు పడవ మునిగి పలువురు ప్రాణములు కోల్పోయినపుడు ఈ ప్రశ్నయే మరల పైకి వచ్చినది. మహాసముద్రములు దాటు ఓడల విషయమున ప్రపంచదేశములు ఇదే ప్రశ్నతో నూరేండ్లకు పైగా పెనగులాడినవి. ఆ ఓడల కథను విందుశాలల వైపునుండి చెప్పినవారు అనేకులు. మేము అడుగు అంతస్తులలోను, డెక్కుమీదను చాప పరచుకొని ప్రయాణము చేసినవారి వైపునుండి చెప్పదలచితిమి. వారిలో మన తెలుగువారును లక్షల సంఖ్యలో ఉండిరి.

పూర్వము ఓడ బయలుదేరుటకు తేదీ అనునది లేదు. సరకు నిండవలెను, గాలి అనుకూలింపవలెను. అంతవరకు ప్రయాణికుడు రేవులో మూటతో కాచుకొని యుండవలసినదే. 1818 జనవరి 5వ తేదీన న్యూయార్కు రేవునుండి బ్లాక్‌బాల్ లైను అను సంస్థవారి ‘జేమ్స్ మన్రో’ అను తెరచాప ఓడ, మంచు కురియుచున్నను లెక్కచేయక, ముందుగా ప్రకటించిన దినముననే లివర్‌పూలుకు బయలుదేరెను. ఒకే దారిలో, చెప్పిన తేదీకి, ఒకదాని వెనుక ఒకటిగా నడచు ఇట్టి ఓడలకే ‘లైనరు’ అను పేరు వచ్చినది. 1838లో బ్రూనెల్ నిర్మించిన ‘గ్రేట్ వెస్టర్న్’ ఆవిరియంత్రపు బలముతో పదునైదు దినములలో అట్లాంటిక్కును దాటెను. 1840లో శామ్యూల్ క్యూనార్డు బ్రిటిషు ప్రభుత్వమువద్ద తపాలా మోయు కాంట్రాక్టు సంపాదించి ‘బ్రిటానియా’ను నడిపించెను. తపాలా సొమ్ము లేనిచో బొగ్గు ఖర్చుకే చాలకపోయెడిది. ఆ ఓడమీద ప్రయాణికుల పాల కొరకు ఒక ఆవును కట్టివేసి తీసికొనిపోవుచుండిరి! అయితే ఆ పాలు త్రాగినవారు క్యాబిను ప్రయాణికులు మాత్రమే. బీదవారు ఇంకను తెరచాప ఓడలలోనే పోవుచుండిరి.

ఆ బీదవారి ప్రయాణము ఎట్టిదో చెప్పవలెను. కెనడానుండి ఇంగ్లండుకు కలప తెచ్చు ఓడలకు తిరుగు ప్రయాణములో సరకు ఉండెడిది కాదు. ఖాళీ ఓడ నిలకడగా నడువదు కనుక, కలప దింపిన చోటనే పలకలతో రెండంతస్తుల మంచములు కొట్టి మనుష్యులను నింపెడివారు. గాలి లేదు, వెలుతురు లేదు. తుపాను వచ్చినచో పైతలుపులు కూడ మూసివేయుదురు. ఐర్లండులో బంగాళాదుంప పంట కుళ్ళి కరవు వచ్చిన 1847వ సంవత్సరమున ఈ ఓడలలో విషజ్వరము వ్యాపించి వేలమంది నడిసముద్రములోనే మరణించిరి. కెనడా తీరమున గ్రోస్ ఈల్ అను చిన్న దీవిలో ఆ ఒక్క సంవత్సరముననే 5,000 మందికి పైగా పాతిపెట్టిరి. జనులు వానిని ‘శవపేటిక ఓడలు’ అని పిలిచిరి. మనిషికి ఇంత చోటు, ఇంత నీరు, ఇంత ఆహారము ఇయ్యవలెనని చట్టము అప్పటికే లేకపోలేదు. బ్రిటిషు పార్లమెంటు 1803లోనే మొదటి ప్రయాణికుల చట్టమును చేసినది. కాని రేవులో నిలిచి తలలు లెక్కించు అధికారులు చాలినంతమంది లేరు.

తరువాతి అరువది యేండ్లలో ఉక్కు ఓడలు, మరచుట్ల యంత్రములు, టర్బైనులు వచ్చినవి. 1907లో బయలుదేరిన ‘మారెటేనియా’ 1909 మొదలు ఇరువది యేండ్లు అట్లాంటిక్కుమీద వేగములో తన సాటి లేదనిపించుకొన్నది. ఈ నౌకల మెట్లు, అద్దములు, భోజనశాలల పటములు పత్రికలలో పడుచుండెను. వానిని నడిపిన ఆదాయములో పెద్దభాగము మాత్రము క్రింది అంతస్తులనుండియే వచ్చుచుండెను. 1892లో తెరచిన న్యూయార్కు రేవులోని ఎల్లిస్ దీవి కార్యాలయము 1954లో మూతపడు నాటికి సుమారు కోటీ ఇరువది లక్షలమంది వలసదారులను పరీక్షించి పంపినది. మొదటి తరగతి టికెట్టు కొన్నవారిని ఆ దీవికి కొనిపోవక ఓడమీదనే చూచి పంపెడివారు. క్రింది తరగతివారు మాత్రమే దీవిలో వరుసకట్టి నిలువవలెను.

‘టైటానిక్’ కథ తెలియనివారు అరుదు. కాని అది ఏ చట్టమును ఉల్లంఘింపలేదనునది కొందరికే తెలియును. 1912 ఏప్రిల్ 14వ తేదీ రాత్రి మంచుకొండను తాకినపుడు దానిపై సుమారు 2,200 మంది ఉండిరి. ప్రాణరక్షణకు 20 పడవలు ఉండెను. వానిలో పట్టువారు 1,178 మంది. నాటి బ్రిటిషు నిబంధనలు పడవల సంఖ్యను ఓడ బరువును బట్టి నిర్ణయించినవి గాని, ఎక్కిన మనుష్యుల సంఖ్యను బట్టి కాదు. ఆ పట్టికలో చివరి మెట్టు ‘10,000 టన్నులు, అంతకు పైన’ అని ఉండెను. దానికి 16 పడవలు చాలును. పట్టిక వ్రాసిన నాటికి అంతకు మిక్కిలి పెద్ద ఓడలు లేవు. టైటానిక్ 46,000 టన్నులు దాటినది. ఓడలు నాలుగింతలు పెరిగినను పట్టికను తిరగవ్రాయువారు లేకపోయిరి. కావున కంపెనీవారు చట్టము కోరినదానికంటె నాలుగు పడవలు ఎక్కువగానే పెట్టిరని చెప్పుకొనవచ్చును! సుమారు 1,500 మంది నీళ్ళపాలైరి. మొదటి తరగతిలో నూటికి అరువదిమందికి పైగా బ్రదికిరి; మూడవ తరగతిలో నలుగురిలో ఒక్కరు మాత్రమే. పడవలుండిన డెక్కు పై అంతస్తులలో నుండెను. అడుగు తరగతివారు అచ్చటికి చేరు దారి తెలియక తిరుగులాడుచుండగా పడవలు వెడలిపోయినవి.

ఆ దుర్ఘటన ఫలితముగా 1914 జనవరిలో లండనులో 13 దేశములు సముద్రముపై ప్రాణరక్షణకై ఒక ఒడంబడికపై సంతకము చేసినవి. ఓడలోని ప్రతి మనిషికిని పడవలో చోటుండవలెను. వైర్‌లెస్సు వద్ద రేయింబవళ్ళు మనిషి ఉండవలెను. మంచుకొండలను కనిపెట్టుటకు కావలి ఓడలు తిరుగవలెను. యుద్ధము వచ్చుటచే అది అమలునకు రాకపోయినను, 1929, 1948, 1960, 1974 సంవత్సరముల ఒడంబడికలకు అదియే పునాది.

ఇక మన సముద్రమునకు వత్తము. 1860లో ‘ట్రూరో’ అను ఓడ మద్రాసునుండి 342 మంది ఒప్పందపు కూలీలతో బయలుదేరి నవంబరు 16న దక్షిణాఫ్రికాలోని డర్బను చేరెను. ఆ దారిన తెలుగు కుటుంబములు చెరకు తోటలకు పోయినవి. అంతకంటె పెద్ద దారి బంగాళాఖాతము మీదుగా బర్మాకు. 1856లో విలియం మెకినన్ కలకత్తా–బర్మా తపాలాకై స్థాపించిన సంస్థయే 1862లో బ్రిటిష్ ఇండియా స్టీం నావిగేషన్ కంపెనీ ఆయెను. దాని స్టీమర్లు కాకినాడ, విశాఖపట్టణము, భీమునిపట్టణము, కళింగపట్టణము మున్నగు రేవులను తాకుచు రంగూనుకు పోవుచుండెను. కాకినాడవద్ద సముద్రము లోతు తక్కువగుటచే స్టీమరు దూరముగా లంగరు వేయును. జనులు చిన్న పడవలలో పోయి ఎక్కవలెను. వరికోతలకు, బియ్యపు మిల్లులకు, ఓడరేవు మోతపనికి మేస్త్రీలవద్ద బయానా పుచ్చుకొని మనవారు ‘రంగము’ పోయెడివారు. 1839 తుపానులో పాడైన కోరంగి రేవు పేరు మీదుగా బర్మావారు తెలుగువారిని ‘కోరంగీలు’ అనుచుండిరి. 1920వ దశకము చివర ఏటేట మూడు లక్షలకు పైగా భారతీయులు బర్మాలో దిగుచుండిరి. వారిలో అత్యధికులు డెక్కు ప్రయాణికులే.

డెక్కు టికెట్టనగా మంచము లేదు, గది లేదు. దొరికిన చోట చాప పరచుకొనుటయే. 1915లో గాంధీజీ కలకత్తానుండి రంగూనుకు డెక్కుమీదనే పోయిరి. స్నానపు గది పేరునకు మాత్రమే ఉన్నదనియు, మరుగుదొడ్లలో అడుగు పెట్టలేకపోతిమనియు వారు తమ ఆత్మకథలో వ్రాసిరి. ఓడ అధికారికి చెప్పినను ఫలితము లేకపోయెను. రంగూను చేరి కంపెనీ ఏజెంటుకు ఉత్తరము వ్రాయగా, మిత్రులైన డాక్టరు మెహతాగారి ప్రయత్నము కూడ తోడై, తిరుగు ప్రయాణము కొంత మెరుగుపడినదట. తోటి ప్రయాణికులు కూర్చున్నచోటనే ఉమ్మివేయుటను, సామానుతో చోటంతయు ఆక్రమించుటను కూడ వారు దాచక చెప్పిరి. ఒక్క ఉత్తరము అంత పని చేసినదన్నచో, అంతకుముందు ప్రయాణము చేసిన లక్షలమంది పక్షమున అడుగువారు ఎంత అరుదో ఊహింపవచ్చును.

టైటానిక్ తరువాత వచ్చిన నియమములు ఈ డెక్కు ప్రయాణికులకు వర్తించినవా? పూర్తిగా వర్తింపలేదు. యాత్రికులను, కూలీలను మంచములు లేకుండ మోయు తూర్పుదేశపు ఓడలకు 1929 ఒడంబడిక మినహాయింపులకు తావిచ్చినది. వానికై 1931లో సిమ్లాలో వేరు నియమములు చేసిరి. ‘సిమ్లా నియమములు’ అనునవి ఇవియే. మద్రాసు, నాగపట్టణములనుండి పినాంగు, సింగపూరులకు తిరిగిన ‘రాజులా’ అను స్టీమరు 1926లో నీటిలో దిగినపుడు అయిదువేలకు పైబడిన డెక్కు ప్రయాణికులను ఎక్కించుకొనుటకు అనుమతి పొందియుండెను. అది టైటానిక్‌పై ఉన్నవారికి రెండింతలకు మించిన సంఖ్య. ఓడ మాత్రము దానిలో అయిదవ వంతు కూడ లేదు. కంపెనీల వాదము వినదగినదే: చోటు పెంచినచో టికెట్టు ధర పెరుగును, కూలివాడు ఎక్కలేడు. అయితే ఆ ధర నిర్ణయించునదియు ఆ కంపెనీలే గదా.

రంగూను దారి 1941 డిసెంబరు బాంబులతో చెడినది. టికెట్టు దొరకని లక్షలమంది అరకాను, అస్సాము కొండల మీదుగా కాలినడకను బయలుదేరిరి. పలువురు దారిలోనే రాలిపోయిరి. అట్లాంటిక్కు మహానౌకలను 1958లో మొదలైన జెట్టు విమానములు దెబ్బతీసినవి. ‘క్వీన్ మేరీ’ 1967లో విరమించి అమెరికాలో లాంగ్‌బీచి రేవున విడిదిగా మారినది. మంచము లేని ప్రయాణికుల విషయమున సిమ్లా నియమముల స్థానములో క్రొత్త ఒడంబడిక 1971లో వచ్చినది. మనిషికి ఎంత చోటుండవలెనో నిర్ణయించు అనుబంధము 1973లో చేరినది. ఆ 1973లోనే ‘రాజులా’ ఆ దారినుండి తప్పుకొన్నది. మరుసటి యేట దానిని విరుగగొట్టిరి. దాని స్థానమున వచ్చిన ‘చిదంబరం’ 1985లో అగ్నిప్రమాదమునకు గురియగుటతో మద్రాసు–సింగపూరు ప్రయాణికుల ఓడ నిలిచిపోయినది.