బెయాటె మైంకా-యెల్లింగ్‌హౌస్: జర్మను చలనచిత్రములలో కూర్పు పని

తెలుగు చలనచిత్రముల ఆరంభమున వచ్చు పేర్ల వరుసలో ‘కూర్పు’ అను మాట యొకటి కనబడును. దాని ప్రక్కనున్న పేరును చదువు ప్రేక్షకుడు అరుదు. ఈ యుపేక్ష మన దేశమునకే పరిమితము కాదు. 1960వ దశకమున పశ్చిమ జర్మనీలో తలయెత్తిన నూతన చిత్రోద్యమమును గూర్చి వ్రాయువారు అలెగ్జాండర్ క్లూగె, వెర్నర్ హెర్జోగ్ అను దర్శకులను తప్పక స్మరింతురు. ఆ యిరువురి చిత్రములను కూర్చిన బెయాటె మైంకా-యెల్లింగ్‌హౌస్‌ను తలచువారు కొలదిమందియే.

1936లో జన్మించిన ఈమె, క్లూగె తొలి పూర్తినిడివి చిత్రమగు ‘నిన్నటికి వీడ్కోలు’ను 1966లో కూర్చెను. తూర్పు జర్మనీనుండి పశ్చిమమునకు వచ్చి నిలువ నీడలేక తిరుగు అనితా అను యువతి కథ యది. క్లూగె కథాసూత్రమును బుద్ధిపూర్వకముగనే త్రెంచును. నడుమ నడుమ వ్రాతపలకలను, పాత ఛాయాచిత్రములను నిలుపును. రెండు దృశ్యఖండములు తాకినచోట ఆ రెంటను లేని మూడవ భావము ప్రేక్షకుని మనస్సున పుట్టవలెనని ఆయన మతము. మన వ్యాకరణము నెరిగినవారికి ఇది వింత కాదు. ‘మా’, ‘అమ్మ’ అను పదములు కలసి ‘మాయమ్మ’ యగునపుడు, రెంటను లేని యకారము నడుమ వచ్చి చేరుచున్నది గదా! ఇట్టి చిత్రమున అర్థమంతయు అతుకులందే యుండును. కావున కూర్పరిని ఇచట సహకర్త యనుటయే న్యాయము. ఆ చిత్రమునకు ఆ యేటనే వెనిస్ ఉత్సవమున బహుమానము లభించెను.

హెర్జోగ్ మార్గము దీనికి కేవలము విరుద్ధము. ఆయనది దీర్ఘదృశ్యముల పద్ధతి. ఆయన తొలి పూర్తినిడివి చిత్రము ‘జీవన చిహ్నములు’ (1968) కూర్పునాటి ముచ్చట నొకదానిని ఆయనయే చెప్పియున్నాడు. తిరుగబడి చుట్టుకొనియున్న రీలు నొకదానిని ఈమె బల్లపై నెక్కించి, వెనుకనుండి ముందునకు అతివేగముగ నడిపి చూచి, ఇది పనికిరాదని చెత్తబుట్టలో వైచెనట. దర్శకుడు నివ్వెరపోయెను, పిమ్మట తానే చూచుకొని, ఆమె తీర్పు సరియేయని గ్రహించెను. తన చిత్రములు ఆమెకు అంతగా నచ్చెడివి కావనియు ఆయన చెప్పెను. ముఖస్తుతి యెరుగని ఇట్టి కన్ను దొరకుట దర్శకునికి అదృష్టమే.

‘అగిర్రె’ (1972) ఆరంభమున ఆండీస్ కొండచరియపై సైనికులు, బానిసలు, పల్లకీలు మంచులో చీమలబారువలె దిగివచ్చుదురు. ఆ దిగుటను తొందరపడి కత్తిరించినచో కొండ యెత్తు ప్రేక్షకునికి తెలియదు. చేయి నాపుకొనుటయు కూర్పులో భాగమే.

‘వోయ్‌త్సెక్’ (1979) దీనికి పరాకాష్ఠ. 1837లో మరణించిన గేయోర్గ్ బ్యూఖ్నర్ అసంపూర్ణముగ విడిచిన నాటకము దీనికి మూలము. ‘నోస్ఫెరాటు’ ముగిసిన కొలదిదినములకే చెకొస్లొవేకియాలో మొదలుపెట్టి, 18 దినములలో చిత్రీకరించిరి. దృశ్యఖండములు దీర్ఘములు, సంఖ్యలో మిక్కిలి కొలది. హెర్జోగ్ చెప్పిన ప్రకారము కూర్పునకు పట్టినవి నాలుగే దినములు.