దుస్తులు సరిపోలేదని అక్క రాకపోతే ఎలా?

నికాహ్‌కు ఇంకా పన్నెండు రోజులే ఉంది. గుంటూరులోని ఒక ఇంట్లో దర్జీ దగ్గర నుంచి వచ్చిన మూట విప్పారు. వధువు అక్కచెల్లెళ్ళు, వదినలు మొత్తం ఐదుగురికి ఒకే గుడ్డ, ఒకే నమూనా. లేత గులాబీ రంగు కుర్తాలు, ముదురు ఆకుపచ్చ దుపట్టాలు. నలుగురికి అమిరాయి. ఐదవది పెద్దక్కది. కొలతలిచ్చిననాడు ఆమెకు ఐదవ నెల, ఇప్పుడు ఏడవది నడుస్తోంది. కుర్తా భుజాల మీదుగా దిగింది గానీ పొట్ట దగ్గర ఆగిపోయింది.

ఆమె దాన్ని మెల్లగా తీసి మడతపెట్టింది. "నేను లోపలి గదిలోనే ఉంటాలే అమ్మీ. అందరూ ఒకలా ఉంటే మధ్యలో నేనొక్కదాన్ని వేరే బట్టల్లో ఎందుకు?" అంది. తల్లి ఏమీ అనలేకపోయింది. వధువు మాత్రం ఆ మాట విని మంచం మీదే కూలబడింది. తనకు నడక నేర్పిన అక్క, తన నికాహ్ నాడు తలుపు చాటున ఉండిపోవడమా?

ఇది ఆ ఒక్క ఇంటి ముచ్చట కాదు. వధువు చెంత నిలిచే ఆడపిల్లలందరూ ఒకే తీరు దుస్తులు ధరించే ఆనవాయితీ ఇటీవల మన పెళ్ళిళ్ళలోనూ బలపడింది. అమెరికా, బ్రిటన్ వంటి దేశాలలో స్థిరపడిన మన కుటుంబాల ఆడపిల్లలకైతే అక్కడి స్నేహితురాళ్ళ పెళ్ళిళ్ళలోనూ ఈ అనుభవం ఎదురవుతుంది. ముచ్చట వరకు ఇందులో తప్పుపట్టవలసినదేమీ లేదు. ఆ ముచ్చట కోసం కడుపుతో ఉన్న సోదరి పక్కకు తప్పుకోవలసి వస్తే మాత్రం మనం ఆగి ఆలోచించుకోవాలి.

శరీరం చేసిన తప్పేమీ లేదు

దివ్య ఖుర్ఆన్ లుఖ్మాన్ సూరా 14వ ఆయత్‌లోనూ, అహ్‌ఖాఫ్ సూరా 15వ ఆయత్‌లోనూ తల్లి బిడ్డను మోసే కష్టాన్ని ప్రత్యేకంగా గుర్తుచేసింది. బలహీనత మీద బలహీనతను సహిస్తూ ఆమె బిడ్డను మోస్తుందని తెలిపి, ఆ కష్టాన్నే తల్లిదండ్రుల పట్ల సత్ప్రవర్తనకు ఒక కారణంగా చూపింది. అల్లాహ్ ఇంత గౌరవంగా ప్రస్తావించిన స్థితిలో ఉన్న స్త్రీ, కుర్తా పట్టలేదని సిగ్గుపడవలసిన అవసరం ఎక్కడుంది?

శరీరంలో జరిగేదేమిటో తెలిస్తే ఆ సిగ్గు సగం పోతుంది. ఇరవయ్యవ వారం నాటికి గర్భాశయం పై అంచు సుమారుగా బొడ్డు దాకా వస్తుంది. అక్కడి నుంచి దాదాపు వారానికొక సెంటీమీటరు చొప్పున పైకి పెరుగుతుంది. పొట్ట ఒక్కటే కాదు, ఛాతీ కొలత మారుతుంది, పక్కటెముకలు కాస్త విచ్చుకుంటాయి. చాలామందికి సాయంత్రానికి పాదాలు వాస్తాయి. అందువల్ల ఐదవ నెలలో ఇచ్చిన కొలతతో ఏడవ నెలలో ధరించే దుస్తులు కుట్టించడమంటే, పోయిన ఏడాది కొలతతో ఈ ఏడాది పిల్లవాడికి ఈద్ బట్టలు కుట్టించడం వంటిదే. పొరపాటు కొలత తీసిన రోజుది, తల్లిది కాదు.

హజ్రత్ ఆయిషా (రజి) వస్త్రం

పెళ్ళి దుస్తుల విషయంలో మన ముందు ఒక చక్కని ఉల్లేఖనం ఉంది. ఇమామ్ బుఖారీ దీనిని కానుకల అధ్యాయంలో పొందుపరచారు. ఒకనాడు హజ్రత్ ఆయిషా (రజి) ఒంటి మీద ఐదు దిర్హముల విలువచేసే ముతక వస్త్రం ఉంది. ఇంట్లో ధరించడానికి సైతం తన సేవకురాలు ఇటువంటి దానికి ఇష్టపడటం లేదని ఆమె చెప్పారు. దైవప్రవక్త (స) కాలంలో తన వద్ద ఇటువంటి వస్త్రం ఒకటి ఉండేదని, మదీనాలో వధువుగా అలంకరించుకునే ప్రతి స్త్రీ దానిని ఎరువు తెప్పించుకునేదని గుర్తుచేసుకున్నారు.

ఆలోచించండి. ఒకే వస్త్రం ఎందరో వధువుల ఒంటి మీదికి వెళ్ళింది. వారందరి కొలతలూ ఒకటే అయి ఉండవు కదా! అయినా ఆ పెళ్ళిళ్ళలో సంతోషానికి లోటు రాలేదు. దుస్తులు మనుషుల మధ్య పంచుకోవడానికీ సర్దుకోవడానికీ ఉపయోగపడ్డాయి గానీ, ఎవరినీ దూరం చేయలేదు.

కొలతలు ఎప్పుడు, ఎలా?

ఇక ఆచరణలో చేయవలసినవి చూద్దాం. కడుపుతో ఉన్న సోదరికి గుడ్డ కొనేటప్పుడే అదే తాను నుంచి ఒక మీటరు అదనంగా తీసుకోవాలి. తర్వాత వెతికితే అదే రంగు దొరకవచ్చు గానీ, మరో తానులో ఛాయ కొద్దిగా తేడా పడవచ్చు. ఆమె దుస్తులను అందరికంటే చివర కుట్టమని దర్జీకి చెప్పాలి. తుది కొలత పెళ్ళికి వారం పది రోజుల ముందు తీసుకోవాలి. షవ్వాల్‌లో పెళ్ళయితే మరో జాగ్రత్త అవసరం. రమజాన్ చివరి రోజులలో ఈద్ బట్టలతో దర్జీలకు ఊపిరాడదు కాబట్టి ముందుగానే రోజు ఖాయం చేసుకోవాలి.

కొలతలు మహిళా దర్జీ చేత గానీ, ఇంటి ఆడవారి చేత గానీ తీయించాలి. పరాయి పురుషుడి ముందు నిలబడవలసిన పని లేదు. వదులుగా ఉన్న ఒక కుర్తాను ఆదిగా పంపి, మారిన కొలతలను కాగితం మీద రాసి జతచేస్తే చాలు. రాయవలసినవి ఇవి: ఛాతీ చుట్టుకొలత, ఛాతీ కింది చుట్టుకొలత, పొట్ట బాగా ఎత్తుగా ఉన్నచోట చుట్టుకొలత, భుజం నుంచి పొట్ట మీదుగా ముందు అంచు దాకా పొడవు, భుజం నుంచి వెనుక అంచు దాకా పొడవు. పొట్ట చుట్టుకొలతను కూర్చున్నప్పుడు కూడా తీసి, రెండింటిలో ఎక్కువైనదాన్ని ఇవ్వాలి. నికాహ్ నాడు ఆమె ఎక్కువ సేపు కూర్చునే ఉంటుంది కదా!

ముందు పొడవు వేరుగా తీయమనడానికి కారణం ఉంది. పొట్ట గుడ్డను పైకి లాగుతుంది. వెనుక సరిగా ఉన్న కుర్తా ముందు పైకి లేచి పొట్టిగా కనిపిస్తుంది. ముందు అంచును ఒకటి రెండు అంగుళాలు దించితే చూపుకు సమంగా ఉంటుంది. పక్క చీలికలు కూడా పొట్ట వల్ల విచ్చుకుంటాయి. వాటిని కిందికి దించి కుట్టిస్తే సతర్ నిలుస్తుంది, నమాజులో ఇబ్బంది ఉండదు.

కుట్టిన దుస్తులను వదులు చేయించాలంటే

ముందుగా దుస్తులను తిరగేసి పక్క కుట్ల లోపల ఎంత గుడ్డ వదిలారో చూడండి. ప్రతి అంచునా ఒక అంగుళం ఉంటే, కుట్టుకు పావు అంగుళం మిగిల్చి, రెండు పక్కలా కలిపి మూడు అంగుళాల దాకా వదులు వస్తుంది. పట్టు, శాటిన్, వెల్వెట్ వంటి గుడ్డలలో పాత కుట్టు గుర్తులు పైకి కనిపిస్తాయి. లోపలివైపు ఒకచోట కాస్త విప్పి చూశాకే ముందుకు సాగాలి. ఆ గుర్తు పోకపోతే దాని మీద సన్నని లేసు వేయించవచ్చు. లోపల లైనింగ్ ఉంటే దానినీ అంతే వదులు చేయాలి. పైగుడ్డను వదిలి లైనింగ్‌ను అలాగే ఉంచితే బిగుతు తగ్గదు.

మూడు అంగుళాలు చాలనప్పుడు పక్కల కలీలు వేయించడం మేలు. చంక దగ్గర సన్నగా మొదలై కిందికి వెడల్పయ్యే ఈ పట్టీలు కుర్తాకు కొత్తవేమీ కావు, కలీదార్ కుర్తా పేరే వాటి నుంచి వచ్చింది. అనార్కలీ వంటివాటిలో ఘేరు ఛాతీ కిందనే మొదలవుతుంది కాబట్టి పొట్టకు చోటు ఉంటుంది. అక్కడ ఛాతీ భాగం ఒక్కటి వదులు చేస్తే సరిపోవచ్చు. షరారాకు జిప్ ఉంటే తీసివేసి నాడా గానీ, మెత్తని వెడల్పాటి ఎలాస్టిక్ గానీ వేయించాలి. అది పొట్టను నొక్కకుండా దాని కింద కూర్చోవాలి. జర్దోసీ పని నిండుగా ఉన్న భాగాన్ని విప్పవద్దు. పని లేని చోటనే మార్పు చేయాలి.

వీలైనంతవరకు గుడ్డను కత్తిరించకుండా మార్పు చేయమనండి. ప్రసవం తర్వాత అవే దుస్తులను మళ్ళీ బిగించి ధరించవచ్చు. తినండి, త్రాగండి, దుబారా మాత్రం చేయకండి అన్న ఉద్దేశంతో వచ్చిన ఆరాఫ్ సూరా 31వ ఆయత్ అలంకరణ ప్రస్తావనతోనే మొదలవుతుందన్నది గమనించదగ్గ విషయం. అలంకరణకూ అనుమతి ఉంది, దానికి హద్దూ ఉంది.

మరో మాట. ఒంటి ఆకారం కనిపించకుండా వదులుగా ధరించాలన్నది మన వస్త్రధారణలో మూల నియమం. గర్భవతికి హాయినిచ్చేదీ అదే. నమూనాను ఎంచుకునేనాడే ఈ నియమం గుర్తుంటే, చివరి వారంలో సూది దారం కోసం పరుగులు తీయవలసిన అవసరమే తగ్గుతుంది.

ఇంటివారు చేయవలసినది

దుస్తులు సరిచేయడం దర్జీ పని. మనసు సరిచేయడం ఇంటివారి పని. "నీకు ఏదో ఒకటి వేసుకుంటే పోలా" అన్న మాట, అన్నవారికి తేలిక, విన్నవారికి బరువు. అలాగే "ఈ స్థితిలో నలుగురిలోకి ఎందుకు" అని మందలించేవారూ ఉంటారు. ప్రయాణం, ఎక్కువసేపు కూర్చోవడం వంటివాటిలో వైద్యురాలి సలహా పాటించాలి. అంతకు మించి ఆమెను దాచవలసిన అగత్యం లేదు. బంధుత్వాన్ని కలిపి ఉంచడం ధర్మం అయినప్పుడు, రాగలిగిన సోదరిని రాలేని స్థితికి నెట్టడం మనకు తగదు.

భర్తకూ ఇందులో పాత్ర ఉంది. దైవప్రవక్త (స) తమ దుస్తులను తామే కుట్టుకునేవారని, పాదరక్షలు బాగుచేసుకునేవారని, ఇంటి పనులలో పాలుపంచుకునేవారని హజ్రత్ ఆయిషా (రజి) తెలిపారు. భార్య కుర్తాను దర్జీ దగ్గరికి తీసుకువెళ్ళి తీసుకురావడం, పెళ్ళి పందిరిలో ఆమెకు వీపు ఆన్చుకునే కుర్చీ, దగ్గరలో నీళ్ళు ఉండేలా చూడటం ఆ సున్నత్ బాటలోని పనులే.

గుంటూరు ఇంట్లో ఆ సాయంత్రం పరిష్కారం చెప్పింది వధువే. వీధి చివర కుట్టుపని చేసే ఖాలా వచ్చి కుర్తా తిరగేసి చూసి, లోపల గుడ్డ అంతగా లేదని, దుపట్టా రంగులో కలీలు వేయవచ్చని అంది. "అప్పుడు నాది ఒక్కటే వేరుగా ఉంటుందిగా" అంది అక్క.

"వేరుగా ఎందుకుంటుంది ఆపా? ఐదింటికీ ఆకుపచ్చ కలీలే వేయిద్దాం" అంది చెల్లెలు.

రెండు మీటర్ల గుడ్డ, ఖాలా రెండు రోజుల శ్రమ ఖర్చయ్యాయి. ఒంటికి బిగుతుగా కుట్టించారని మిగతా నాలుగు కుర్తాల మీద తల్లికి ముందు నుంచీ అసంతృప్తి ఉండేది. కలీలతో అవీ వదులయ్యాయి. నికాహ్ నాడు వచ్చిన చుట్టాలలో ఒకావిడ ఆ నమూనా ఏ ఊరిదని అడిగింది. మెత్తని దిండుకు ఆనుకుని చెల్లెలి పక్కనే కూర్చున్న అక్క ఆ మాటకు నవ్వి, చెల్లెలి వైపు చూసింది.

కడుపుతో ఉన్న ప్రతి సోదరికీ ఇటువంటి ఆదరణ లభించే ఇళ్ళుగా అల్లాహ్ మన ఇళ్ళను తీర్చిదిద్దుగాక. ఆమీన్.