చింతపండు ఎప్పుడు వెయ్యాలి?

అరటికాయ వేపుడు, అలసందల పులుసు ఒకే పూట విస్తట్లో పడితే వేరే కూర అడిగేవాళ్ళుండరు. అరటికాయలు తెనాలి వైపు కృష్ణ లంకల్లో కాస్తాయి. అలసందలు మెట్ట పొలాల్లో పండుతాయి. (వీటినే కొన్ని ఊళ్ళలో బొబ్బర్లంటారు.) పిల్లలూ, ఈసారి మీ ఇంట్లో ఈ రెండూ వండుతున్నప్పుడు పుస్తకం కాసేపు పక్కన పెట్టి వంటింటి గుమ్మం దగ్గర నిలబడి చూడండి. మీ రసాయన శాస్త్రం పాఠాలు సగం అక్కడే కనిపిస్తాయి.

ముందు అరటికాయ సంగతి. తరిగేవాళ్ళు చేతికి నూనె రాసుకుంటారు, ముక్కల్ని వెంటనే పలచని మజ్జిగలో వేస్తారు. ఎందుకో తెలుసా? అరటికాయలో ఫినాల్ జాతి పదార్థాలున్నాయి. కాయ కోసినప్పుడు కణాలు చిట్లి, ఒక ఎంజైము బయటపడి, గాలిలోని ఆక్సిజన్ సాయంతో ఈ పదార్థాల్ని నల్లగా మారుస్తుంది. మజ్జిగలోని పులుపు ఆ ఎంజైము వేగాన్ని తగ్గిస్తుంది. నీరు గాలిని అడ్డుకుంటుంది. పాత ఇనుప కత్తిపీటతో కోస్తే నలుపు మరీ ఎక్కువ. కాయలోని వగరు పదార్థమైన టానిన్, ఇనుముతో కలిస్తే నల్లని రంగు తయారవుతుంది. పూర్వం కరక్కాయ, అన్నభేది కలిపి సిరా చేసింది ఈ సూత్రంతోనే. బందరు కలంకారీ అద్దకంలో నలుపు కూడా ఇలా వచ్చిందే! చేతికి రాసుకున్న నూనె, కాయ జిగురు చర్మానికి అంటకుండా కాపాడుతుంది.

ఇప్పుడు ముక్కలు కాగిన నూనెలో పడ్డాయి. సుయ్ మన్న చప్పుడు నూనెది కాదు, నీటిది. నూనె వేడి సుమారు 170 నుంచి 180 డిగ్రీల సెంటీగ్రేడు వరకు ఉంటుంది. నీరు 100 డిగ్రీలకే ఆవిరవుతుంది. అందుచేత ముక్కలోని తేమ బుడగలు బుడగలుగా బయటికి తోసుకొస్తుంది. ఆవిరి బయటికి వస్తున్నంతసేపూ నూనె లోపలికి ఎక్కువగా పోలేదు. బుడగలు తగ్గాయంటే ముక్క వేగిందన్నమాట. ముక్కను పైకి తీశాక లోపలి ఆవిరి చల్లబడుతుంది, అప్పుడు పైనున్న నూనెను అది లోపలికి పీల్చుకుంటుంది. తీసిన వెంటనే నూనె వోడ్చాలనేది ఇందుకే. (మీరు మాత్రం మూకుడుకు దూరంగానే ఉండండి.)

పచ్చి అరటికాయే ఎందుకు, పండు ఎందుకు వేయించరు? పచ్చికాయ బరువులో ఇంచుమించు అయిదో వంతు పిండిపదార్థం. కాయ పండేకొద్దీ అది చక్కెరగా మారిపోతుంది. చక్కెర ఎక్కువైతే లోపల ఉడికేలోపలే పైన మాడిపోతుంది. వేపుడుకు వచ్చే బంగారు రంగు, కమ్మని వాసన, కొద్దిపాటి చక్కెరలూ మాంసకృత్తుల భాగాలూ వేడికి కలిసినందువల్ల పుట్టేవి. ఈ చర్యను 1912లో మయార్ అనే ఫ్రెంచి శాస్త్రవేత్త వివరించాడు. పిండిపదార్థం మారడాన్ని మీరే చూడవచ్చు. ఒక పచ్చికాయ ముక్క మీదా, బాగా మగ్గిన పండు ముక్క మీదా టింక్చర్ అయొడిన్ చుక్క వేయండి. కాయ ముక్క నల్లని నీలం రంగుకు తిరుగుతుంది. పండు ముక్క అంతగా తిరగదు. ఆ ముక్కలు మాత్రం తినకండి.

ఇక అలసందలు. రాత్రి నానబెట్టినవి పొద్దున్నకు రెట్టింపు బరువుకు వస్తాయి. వాటిని ఉడికించాలి. ఇక్కడే ఉంది కిటుకు: చింతపండు పులుసు ముందే పోస్తే ఎంతసేపు మంట పెట్టినా గింజ మెత్తబడదు. వంటవాళ్ళందరికీ తెలిసిన మాటే ఇది. కారణం చూద్దాం. గింజలోని కణాల్ని ఒకదానికొకటి పెక్టిన్ అనే జిగురు అంటిపెట్టుకుని ఉంటుంది, గోడలో ఇటుకల మధ్య సున్నంలా. వేడినీటిలో అది కరిగితే కణాలు విడిపోతాయి. దాన్నే మనం ‘ఉడికింది’ అంటాం. ఆమ్లంలో పెక్టిన్ సులువుగా కరగదు. అందుచేత ముందు ఉడకాలి, ఆ తరవాతే పులుపు పడాలి. నమ్మకం కుదరకపోతే పెద్దవాళ్ళ నడిగి రెండు గిన్నెల్లో పరీక్షించి చూడండి.

నీరు కూడా ఇదే పని చేస్తుంది. కొన్ని ఊళ్ళలో బోరు నీళ్ళతో పప్పు ఉడకదు, సబ్బు నురగ రాదు. అది కఠినజలం. అందులోని కాల్షియం పెక్టిన్ పోగులకు వంతెనలు కట్టి జిగురును గట్టిపరుస్తుంది. చిటికెడు వంటసోడా వేస్తే గింజ త్వరగా మెత్తబడే మాట నిజమే, కాని సోడా బి-1 విటమిన్‌ను నాశనం చేస్తుంది. నీటిని ముందు కాచి, తేరాక పైనీటిని వంచుకుంటే కొంత కాల్షియం గిన్నె అడుగున తెల్లని చెక్కుగా దిగిపోతుంది. తాత్కాలిక కాఠిన్యం మాత్రమే ఇలా పోతుంది సుమా!

అయితే పప్పు చక్కగా ఉడికింది గనక ఆ నీళ్ళు మంచివే అనుకోవచ్చునా? ఒక్క మాట శ్రద్ధగా వినండి. కనిగిరి, దర్శి, పొదిలి ప్రాంతాలు 1970లో ఒంగోలు జిల్లా ఏర్పడేదాకా నెల్లూరు జిల్లాలోవి. ఆ నెల్లూరు జిల్లాలో నీటిలోని ఫ్లోరైడు వల్ల ఎముకలు బిగుసుకుపోయే జబ్బును గురించి 1937లోనే వైద్యులు ప్రకటించారు. లీటరు నీటిలో ఫ్లోరైడు 1.5 మిల్లీగ్రాములు దాటకూడదు. ఎక్కువైతే పిల్లల పళ్ళ మీద మచ్చలు, ఏళ్ళ తరబడి తాగితే నడుం వంగడం. ఫ్లోరైడుకు రంగు లేదు, వాసన లేదు. సాధారణంగా కాల్షియం తక్కువగా ఉన్న నీటిలోనే అది ఎక్కువగా కరిగి ఉంటుంది. అంటే గింజలు ఇట్టే ఉడికే మెత్తని నీరే ప్రమాదకరం కావచ్చునన్నమాట! కాచితే పోదు. నీరు ఇగిరి, ఫ్లోరైడు పులుసులోనే మిగిలిపోతుంది. పటిక, సున్నం కలిపి దాన్ని తగ్గించే ‘నల్లగొండ పద్ధతి’ని నాగపూర్‌లోని నీరి సంస్థ రూపొందించింది. మీ బావి నీటిలో ఎంత ఉందో తెలియాలంటే ప్రయోగశాలలో పరీక్ష చేయించాల్సిందే. నమూనా గాజు సీసాలో కాకుండా ప్లాస్టిక్ సీసాలో పట్టాలి.

గింజ మెత్తబడింది. ఇప్పుడు చింతపండు రసం, ఉల్లిపాయలు, చిన్న బెల్లం ముక్క, పైన పోపు. మిరపలో మంట పుట్టించే కాప్సైసిన్ నూనెలో కరుగుతుంది గాని నీటిలో దాదాపు కరగదు. పోపులో ఎండుమిరపకాయ వేగితే దాని ఘాటు గిన్నె అంతా పాకడం అందుకే. మన మిరపకాయ దెబ్బకు నోరు మండితే నీళ్ళు తాగి లాభం లేదు. గ్లాసెడు మజ్జిగ తాగండి, లేదా పెరుగన్నం కలుపుకోండి.