వాయిదా తప్పితే బండి లాక్కుపోవచ్చా?

రెండు వాయిదాలు తప్పాయని నడిరోడ్డు మీద స్కూటరు ఆపి తాళాలు లాక్కుంటే ఏం చేస్తారు? నలుగురిలో పరువు పోతుందని చాలామంది ఆడవాళ్లు మాట్లాడకుండా ఇచ్చేస్తారు. వసూలుకొచ్చే వాళ్లకు కావలసిందీ అదే!

బాకీ బాకీయే, కట్టాల్సిందే. ఒప్పందంలో ఉంటే బండి స్వాధీనం చేసుకునే హక్కూ ఫైనాన్స్ వాళ్లకుంటుంది. కానీ దౌర్జన్యంగా కాదు. గూండాలతో బండ్లు లాక్కోవడాన్ని సుప్రీంకోర్టు 2007లోనే తప్పుపట్టింది. ఒప్పందం ప్రకారం ఇవ్వాల్సిన నోటీసు ఇవ్వకపోతే అది సేవాలోపమేనని 2020లో చెప్పింది. కాబట్టి సంతకం పెట్టిన రోజు చదవని ఆ కాగితాల కట్టను ఇప్పుడైనా బయటికి తీయండి. నోటీసు గడువు ఎంత, అమ్మేముందు బాకీ తీర్చడానికి ఆఖరి అవకాశం ఎలా ఇస్తారు అన్నవి అందులో ఉండాలన్నది రిజర్వు బ్యాంకు నియమం.

ఏజెంటు వస్తే గుర్తింపు కార్డు, అధికార పత్రం అడగండి. చెయ్యి చేసుకున్నా, బెదిరించినా పోలీసులకు రాతపూర్వకంగా ఫిర్యాదివ్వండి. ఫైనాన్స్ సంస్థకు స్పీడ్ పోస్టులో ఉత్తరం రాసి, రసీదు దాచుకోండి. నెలలోగా జవాబు రాకపోతే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు ఉచితంగా ఫిర్యాదు చేయవచ్చు.

బండి అమ్మేస్తారన్న భయముంటే మాత్రం ఆలస్యం వద్దు. జిల్లా వినియోగదారుల కమిషన్‌కు వెళ్లి, అమ్మకం ఆపమని మధ్యంతర ఉత్తర్వు కోరండి. మీ ఇంటాయన కిరాయికి తిప్పే ఆటో అయినా సరే, అది సొంత జీవనోపాధి కోసమైతే ఆయనా వినియోగదారుడే.